నత్తకు కంచె

2019 జనవరి 1న హవాయిలో ఒక నత్త చనిపోయింది. దాని పేరు జార్జ్. గాలాపగోస్ దీవుల్లోని పింటా నుంచి వచ్చిన చివరి తాబేలుకు ‘ఒంటరి జార్జ్’ అని పేరుండేది. ఆ తాబేలు 2012లో పోయింది. దాని పేరే ఈ నత్తకు పెట్టారు. అకాటినెల్లా అపెక్స్‌ఫుల్వా అనే జాతిలో జార్జ్ చివరిది. దాంతో జాతే పోయిందన్నారు. ప్రపంచమంతా పత్రికలు రాశాయి, ఫొటోలు తిరిగాయి, రెండు రోజులు అందరూ అయ్యో అనుకున్నారు.

ఆ జాలి మీద నాకు పేచీ లేదు. తారీఖు మీద ఉంది. జార్జ్ చనిపోయిన రోజే జాతి అంతరించిన రోజు అనుకుంటే అసలు తప్పులన్నీ కంటికి కనపడకుండా పోతాయి. ఆ రోజు పోయింది సుమారు పద్నాలుగేళ్లు బతికి ముసలిదైన ఒక నత్త. జాతి అంతకు ఎన్నో ఏళ్ల ముందే చెట్ల మీద పోయింది. ఎందుకు పోయిందో లెక్క వేసి చెప్పొచ్చు. ఆ లెక్క చూస్తే డబ్బు, కష్టం ముందు ఎక్కడ పెట్టాలో కూడా తెలుస్తుంది. నా మటుకు అది కంచె మీదే, అంటే అడవిలో నత్తల చుట్టూ వేటగాళ్లను రానివ్వకుండా కట్టే గోడ మీదే. నత్తలను పెంచే ప్రయోగశాల పెట్టె, వాటి కణాలను దాచే చల్లబెట్టిన సీసా దాని తర్వాతి మాటలు.

ముందు ఈ నత్త ఎలాంటిదో చూద్దాం. మన చేలగట్ల మీద వానాకాలం పాకే నత్తలను ఊహించుకోవద్దు. ఇది చెట్టునత్త. పొడవు రెండు సెంటీమీటర్లకు అటూ ఇటూ. గుల్ల నున్నగా, పాలిష్ పెట్టిన పూసలా మెరుస్తుంది, మీద గోధుమ రంగు చారలు. కొన పసుపు. అపెక్స్‌ఫుల్వా అంటే లాటిన్‌లో ‘పసుపు కొనది’ అనే అర్థం. హవాయిలోని ఓఆహూ దీవి తప్ప మరెక్కడా ఉండేది కాదు. ఆ దీవిలో అకాటినెల్లా జాతులు 41, అన్నీ అక్కడివే. ఒక్కో లోయకు ఒక్కో రకం అన్నట్టు ఉండేవి. 19వ శతాబ్దంలో గ్యూలిక్ అనే మిషనరీ ఈ గుల్లలను పోగేసి, లోయ మారితే గుల్ల ఎందుకు మారుతోందని ఆలోచిస్తూ కూర్చున్నాడు. పరిణామంలో ఒంటరితనం పాత్ర ఏమిటన్న చర్చకు ఆయన గుల్లలు పెద్ద సరుకయ్యాయి.

హవాయి నత్తల్లో, సముద్రపువి కాకుండా, పాశ్చాత్యులు మొదట పేరు పెట్టింది ఈ పసుపు కొనదానికే. 1780లలో కెప్టెన్ జార్జ్ డిక్సన్ ఓడ ఓఆహూకు వచ్చినప్పుడు స్థానికులు ఇచ్చిన దండలో ఈ గుల్లలు గుచ్చి ఉన్నాయి. 1789లో అచ్చయిన ఆయన యాత్రా గ్రంథంలో ఆ గుల్ల వర్ణన ఉంది. లోకానికి దండలో పూసగా తెలిసిన ప్రాణి అన్నమాట. హవాయివాళ్లు చెట్టునత్తలను కాహులి అంటారు, అవి రాత్రిపూట పాడతాయని చెప్పుకుంటారు. నత్తకు గొంతు లేదు. ఆ పాట అదే చెట్ల మీది కీచురాళ్లది అయి ఉంటుంది. అయినా నాకా తప్పు నచ్చుతుంది. రాత్రి చెట్టు కిందికి వెళ్లి దీపం ఎత్తి చూస్తే కనిపించేవి నత్తలే మరి.

ఇక లెక్క.

ఈ నత్త ఆకు తినదు. ఆకు మీద పట్టిన సన్నని బూజుపొరను రాత్రిళ్లు నాకుతుంది. చెట్టుకు నష్టం లేదు, నిజానికి ఆకు శుభ్రమవుతుంది. పుట్టిన చెట్టు మీదే బతికి అక్కడే పోతుంది, పక్క చెట్టుకు వెళ్లడం కూడా అరుదు. గుడ్లు పెట్టదు, పిల్లను కంటుంది. అదీ ఒక్కసారికి ఒక్కటే. పుట్టినప్పుడే పిల్ల నాలుగైదు మిల్లీమీటర్లు ఉంటుంది. ఏడాదికి రెండు మిల్లీమీటర్ల చొప్పున పెరిగి, ఈడుకు రావడానికి కొన్నేళ్లు తీసుకుంటుంది. ఆ తర్వాతైనా ఏడాదికి పిల్లలు వేళ్ల మీద లెక్కపెట్టేన్నే. ప్రతి నత్తకూ ఆడ, మగ అవయవాలు రెండూ ఉంటాయి, కాని పిల్లలకు ఇంకో నత్త తోడు కావాలి. జార్జ్‌ను ‘వాడు’ అనడం ఊరికే అలవాటు.

వేటాడే జంతువే లేని చోట ఈ నెమ్మదితనం తెలివైన బతుకే. పది, పదిహేనేళ్లు బతికే నత్త తొందరపడనక్కర్లేదు. నత్తనడక అని మనం వెక్కిరించేది ఆ అడవిలో లక్షల ఏళ్లు చెల్లింది.

1936లో ఆఫ్రికా రాక్షస నత్త హవాయికి వచ్చింది, మనుషులే తెచ్చారు. అరచేతిలో పట్టనంత పెద్దది. ఒక్క విడతకు వంద, రెండొందల గుడ్లు పెట్టగలదు. తోటలను తినేస్తుంటే వ్యవసాయ శాఖ మందు వెతికింది. నత్తను తినే నత్తను తెచ్చి వదిలితే పోలేదా అనుకున్నారు. ముందు ఆఫ్రికా నుంచి గోనాక్సిస్ అనే మాంసాహార నత్తను తెచ్చారు. 1955లో ఫ్లోరిడా నుంచి యూగ్లాండీనా రోజియాను తెచ్చారు. రోజీ తోడేలు నత్త అని దానికి వాడుక పేరు.

తోడేలు అన్నది ఉత్త పోలిక కాదు. నోటి పక్కన మీసాల్లా వేలాడే రెండు పెదవులుంటాయి. వాటిని నేలకు ఆనించి, వేరే నత్త వదిలిన బంకజాడను రుచి చూస్తుంది. జాడ దొరికిందా, ఇక కుక్క వాసన పట్టినట్టు దాని వెంట పడుతుంది, చెట్టయినా ఎక్కుతుంది. మామూలు నత్తలకు రెండు మూడింతల వేగం. చిన్న నత్త దొరికితే గుల్లతో సహా మింగేస్తుంది. పెద్దదైతే గుల్ల నోట్లోంచి లోపలికి దూరి మాంసం చీల్చుకు తింటుంది.

ఇక్కడే తప్పు ఉంది, అది 1955లోనే కనపడాల్సిన తప్పు. తోడేలు నత్తకు చిన్న వేట ఇష్టం. పూర్తిగా పెరిగిన ఆఫ్రికా నత్త దాని కన్నా ఎంతో పెద్దది. పిల్లలను తింటుంది కాని పెద్దవాటి జోలికి పోవడం తక్కువ. రెండు సెంటీమీటర్ల చెట్టునత్త దానికి సరిగ్గా నోటికి సరిపడే ముద్ద. పరిచయం లేని దీవిలో వదిలితే అది ఏది ముందు తింటుందో చెప్పడానికి శాస్త్రవేత్త అక్కర్లేదు. నాలుగు పెట్టెల్లో నాలుగు స్థానిక నత్తలను పెట్టి, వారం రోజులు చూస్తే చాలు. మందు పేరుతో వదిలే ముందు చేయాల్సిన మొదటి పరీక్ష అదే.

ఒక చెట్టు మీద పెద్దవి ఇరవై అకాటినెల్లాలు ఉన్నాయనుకోండి. తోడేలు నత్త ఒక్కటి ఎక్కి, రెండు రోజులకో నత్తను తిన్నా నలభై రోజుల్లో చెట్టు ఖాళీ. ఈ లోగా అది మట్టిలో 25 నుంచి 35 గుడ్లు పెట్టి ఉంటుంది, నెల రోజులు దాటగానే అవి పిల్లలవుతాయి. అటు పక్క ఆ ఇరవై నత్తలు ఆ నలభై రోజుల్లో కనగలిగేది మహా అయితే చేతివేళ్లకు సరిపోయేన్ని పిల్లలు, వాటికి ఈడు రావడానికి ఏళ్లు. దీన్ని పోరాటం అనరు. అంకెలు ఇంత ఏకపక్షంగా ఉన్నచోట తర్వాత ఎంత బాధపడ్డా ఫలితం మారదు. ఎలుక మీద కోపంతో ఇల్లు తగలబెట్టుకున్నట్టు అనే సామెత ఇక్కడ అక్షరాలా సరిపోతుంది, ఎలుక మాత్రం ఇల్లు వదల్లేదు. ఆఫ్రికా నత్త హవాయిలో ఇప్పటికీ ఉంది. దాని సంఖ్య కొన్నిచోట్ల తగ్గిన మాట నిజమే. కాని తోడేలు నత్త అడుగు పెట్టని చోట్ల కూడా ఆఫ్రికా నత్త మొదట విపరీతంగా పెరిగి, తర్వాత తానే తగ్గడం మామూలే. ఆ ఘనత తోడేలు నత్త ఖాతాలో వేయడం అన్యాయం.

ఇంకా కోపం తెప్పించేది ఏమిటంటే, ఇదే మందును మళ్లీ వాడారు. పసిఫిక్ దీవి తహితిలో 1974లో, పక్కనున్న మోరియాలో 1977లో వదిలారు. హవాయి అనుభవం అప్పటికి సుమారు ఇరవై ఏళ్లది. మోరియాలో తోడేలు నత్త ఏడాదికి సుమారు 1.2 కిలోమీటర్ల చొప్పున దీవిని ఆక్రమించింది. బ్రయన్ క్లార్క్, జేమ్స్ మర్రే, మైకేల్ జాన్సన్ అనే పరిశోధకులు అక్కడి పార్టులా అనే చెట్టునత్తల మీద ఏళ్ల తరబడి జన్యుశాస్త్రం చేస్తున్నారు. వాళ్ల కళ్ల ముందే పరిశోధనా వస్తువు మాయమైంది. 1987కల్లా మోరియా అడవిలో ఏడు పార్టులా జాతులూ పోయాయని తేల్చారు.

హవాయికి ఇలాంటి తెలివి కొత్తేమీ కాదు. 1883లో చెరకు తోటల్లో ఎలుకలను చంపడానికి ముంగిసలను తెప్పించారు. ఆ ముంగిసలు జమైకా నుంచి వచ్చాయి, జమైకాకు 1872లో మన దేశం నుంచే వెళ్లాయి. ఎలుక తిరిగేది రాత్రి, ముంగిస తిరిగేది పగలు. రెండూ సుఖంగా కాపురం చేశాయి, నేల మీద గూడు కట్టే పక్షుల గుడ్లు పోయాయి.

దీన్నిబట్టి ఒక ప్రాణిని అదుపు చేయడానికి ఇంకో ప్రాణిని వదిలే జీవనియంత్రణే దండగ అని తేల్చేవాళ్లతోనూ నేను ఏకీభవించను. మన బొప్పాయి రైతులకు తెలిసిన ఉదాహరణే ఉంది. బొప్పాయి పిండినల్లి తోటలను తెల్లగా కప్పేస్తున్నప్పుడు 2010లో ప్యూర్టోరికో నుంచి అసెరోఫేగస్ పపాయే అనే అతి చిన్న కందిరీగ జాతి పురుగును బెంగళూరుకు తెచ్చారు. అది పిండినల్లిలోనే గుడ్డు పెడుతుంది, వేరే దాని జోలికి పోదు. క్వారంటైన్‌లో పరీక్షించాకే వదిలారు. పిండినల్లి తగ్గింది, కందిరీగా దాంతోపాటే తగ్గింది. తేడా అంతా అక్కడ ఉంది: ఒక్క పురుగు మీదే బతికే పరాన్నజీవి తన వేట తగ్గితే తానూ తగ్గుతుంది. కనపడిన నత్తనల్లా తినే వేటగాడు ఒకటి తగ్గితే ఇంకొకదాని మీద పడతాడు. అరుదైనది మరింత అరుదయ్యే కొద్దీ వాడికి ఆకలి తగ్గదు, ఎందుకంటే కడుపు నింపడానికి మామూలు నత్తలు ఎలాగూ ఉన్నాయి.

ఆఫ్రికా నత్త మన దగ్గర కూడా ఉంది కాబట్టి ఈ మాట ఇక్కడే చెప్పేయాలి. 1847లో బెన్సన్ అనే ఇంగ్లీషు ఉద్యోగి మారిషస్ నుంచి కలకత్తాకు తెచ్చాడు, అక్కడి తోటలోంచి అది దేశం మీద పడింది. వానలు మొదలవగానే నర్సరీల్లో, బొప్పాయి, కూరగాయ తోటల్లో కనిపిస్తే ఇంకో జంతువును తెచ్చి వదిలే ఆలోచన ఎవరికీ రానక్కర్లేదు. సాయంత్రం గోనెసంచులు తడిపి గట్ల వెంబడి పరిచి, కింద క్యాబేజీ ఆకులు గానీ మగ్గిన బొప్పాయి ముక్కలు గానీ పెట్టండి. పొద్దున్నే ఎండ రాకముందు సంచి ఎత్తి, చేతికి గ్లవుజు వేసుకుని ఏరి, చిక్కటి ఉప్పునీళ్ల బకెట్‌లో వేయండి. ఆ నీళ్లు మళ్లలో పోయొద్దు, మట్టి పాడవుతుంది. గ్లవుజు ఎందుకంటే ఎలుక ఊపిరితిత్తుల పురుగు అనే పరాన్నజీవిని ఈ నత్త మోస్తుంది, మనిషికి అది మెదడు దాకా పోతుంది. అందుకే తోటలోని ఆకుకూర కూడా బాగా కడగాలి. మెటాల్డిహైడ్ గుళికలు పని చేస్తాయి కాని కుక్కలు, కోళ్లు తింటే చస్తాయి. పైమట్టిని కొద్దిగా కదిపితే మిరియాల పరిమాణంలో లేత పసుపు గుడ్లు కుప్పగా దొరుకుతాయి, వాటినీ తీయాలి. చాలామంది పెద్ద నత్తలను ఏరి గుడ్లు వదిలేస్తారు. నెల తిరక్కుండా మళ్లీ మొదటికే వస్తుంది.

మళ్లీ ఓఆహూకు వెళ్దాం. నేరం అంతా తోడేలు నత్తదే అంటే అదీ అబద్ధమే. దిగువ అడవి చెరకుకు, అనాసకు పోయింది. సరదాకు గుల్లలు ఏరేవాళ్లు సంచులకొద్దీ ఏరారు. ఎలుకలున్నాయి. 1972లో పెంపుడు జంతువుల వ్యాపారం కోసం తెచ్చిన జాక్సన్ ఊసరవెల్లులు పెరట్లోంచి అడవికి పాకాయి. చెట్టు కింద రాలిన గుల్లను చేతిలోకి తీసుకుంటే ఎవరు తిన్నారో తెలుస్తుంది, ఈ పని నేర్చుకుంటే భలే ఆసక్తిగా ఉంటుంది. అంచు పళ్లతో కొరికి, పక్కన పెద్ద బెజ్జం పెట్టి ఉంటే ఎలుక. గుల్ల ఎక్కడా గీత పడకుండా, లోపల కడిగినట్టు ఖాళీగా ఉంటే తోడేలు నత్త. చెట్టు మీద నత్తలు తగ్గుతున్నా కింద గుల్లలే లేకపోతే ఊసరవెల్లి మీద అనుమానం పెట్టుకోవాలి, అది గుల్లతో సహా మింగుతుంది. చిన్న పిల్లలను తోడేలు నత్త కూడా మింగుతుంది కాబట్టి పిల్లల గుల్లలు దొరకకపోవడం ఒక్కటే సాక్ష్యం కాదు. ఎవరు తింటున్నారో తేలకుండా ఎలుకబోనులు పెట్టి కూర్చుంటే ఏడాది గడిచేసరికి కాపాడడానికి ఏమీ ఉండదు.

1981లో అమెరికా అకాటినెల్లా ప్రజాతిని మొత్తంగా అంతరించే ముప్పున్న జాబితాలో పెట్టింది. అప్పటికే 41లో సగానికి పైగా పోయాయని అంచనా. కాగితం మీద రక్షణ వచ్చింది. కాగితాన్ని తోడేలు నత్త చదవదు.

1997లో కోఓలౌ కొండల్లో పోఅమోహో కాలిబాట దగ్గర దొరికిన పది అపెక్స్‌ఫుల్వా నత్తలను హవాయి విశ్వవిద్యాలయం ప్రయోగశాలకు తెచ్చారు. జాతి నిజంగా చేయి దాటింది అప్పుడే అని నా వాదన. పది అంటే ఒక కుటుంబం, జనాభా కాదు. వాటికి పిల్లలు పుట్టాయి. వాటిలో జార్జ్ ఒకడు. తర్వాత ఒక్కొక్కటే చచ్చిపోగా వాడు మిగిలాడు.

ఇలాంటి నత్తను పెట్టెలో బతికించడం ఎంత పనో తెలిస్తే అక్కడివాళ్ల మీద గౌరవం పెరుగుతుంది. ఉష్ణోగ్రత అడవిలోలాగే ఉండాలి, పగలు 20 డిగ్రీల దగ్గర, రాత్రి 16 దగ్గర. పగలూ రాత్రీ దీపాలతో వంతు మార్చాలి. రోజుకు కొన్నిసార్లు తుంపర వాన కురిపించాలి. తిండికి రెండు వారాలకోసారి అడవి నుంచి ఓహియా లాంటి స్థానిక చెట్ల కొమ్మలు కోసి తేవాలి. ఆకు కోసం కాదు, ఆకు మీది బూజు కోసం. అది చాలదు కాబట్టి క్లాడోస్పోరియం అనే బూజును బంగాళాదుంప సారంతో చేసిన అగర్ అనే జెల్లీ మీద, పెట్రీ డిష్‌లనే చిన్న మూతపళ్లేల్లో పెంచి పక్కన పెట్టాలి. కొమ్మతోపాటు ఒక చీమో, పురుగుమందు చుక్కో, వేరే బూజో వస్తే పెట్టె మొత్తం పోతుంది. తుంపర యంత్రం ఆగినా, ఏసీ ఆగినా అంతే. అన్నీ సరిగా ఉన్నా పది నత్తల వారసత్వంలో రక్తసంబంధం ఎక్కువై పుట్టే పిల్లల బలం తగ్గుతూ పోతుంది.

పెట్టెనే నమ్ముకుంటే ఏమవుతుందో చెప్పే ఇంకో ఉదాహరణ పార్టులా టర్గిడా. ఫ్రెంచ్ పాలినేషియాలోని రైయాతేయా దీవిది. అడవిలో తోడేలు నత్త తినేశాక లండన్ జూలో మిగిలింది. అక్కడ స్టైన్‌హౌసియా అనే సూక్ష్మ పరాన్నజీవి పట్టి ఒక్కొక్కటే చచ్చి, 1996 జనవరిలో చివరిది పోయింది. అడవి కాదు, తోడేలు నత్త లేదు, వైద్యులున్నారు, అయినా పోయింది. అన్ని నత్తలూ ఒకే గదిలో ఉండటమే దాని జబ్బు. పెట్టె అవసరం లేదని నేననను. మోరియా నత్త పార్టులా టోహివియానా జూలలో పెరిగి మళ్లీ దీవికి వెళ్లింది; అడవిలో అది పిల్లలు పెడుతోందని 2024లో బయటపడింది. పెట్టె ఆసుపత్రి వార్డు లాంటిది. వార్డులో కాపురం పెట్టకూడదు.

2017లో జార్జ్ పాదం నుంచి రెండు మిల్లీమీటర్ల ముక్క కోసి శాన్ డియాగోలోని శీతల కణభాండారానికి పంపారు. ఆ ముక్క ఉంచడం మంచిదే, దాంట్లోంచి వంశచరిత్ర చదవొచ్చు. ‘ఏదో ఒకరోజు క్లోనింగ్’ అన్న మాట మాత్రం నాకు కొరుకుడు పడదు. నత్తను అలా పుట్టించే పద్ధతి చేతికి రాలేదు. రేపు వచ్చిందనుకుందాం, పుట్టిన పిల్లను ఏ చెట్టు మీద పెడతారు? అదే తోడేలు నత్త అదే చెట్టు ఎక్కుతోంది. కాబట్టి సీసా అయినా, పెట్టె అయినా, దారి కంచె దగ్గరికే వస్తుంది.

ఓఆహూలో ఆ కంచెలు కట్టారు, ఒక్కో అరుదైన జాతి మిగిలిన చోట చిన్న చిన్న కోటల్లాగా. పద్ధతి చూడ్డానికి తేలికే. మనిషి నడుమెత్తు దాటే నున్నటి గోడ, ఎలుక పట్టు దొరకకుండా. పైన లోపలికి ఎక్కనివ్వని గుండ్రటి చూరు. గోడ అడుగు మట్టిలోకి దిగాలి, లేకపోతే వానకు మట్టి కొట్టుకుపోయి కింద సందు పడుతుంది. తోడేలు నత్తకు గోడ ఎత్తు లెక్కలేదు, అందుకని బయటి పక్కన మూడు అడ్డంకులు వరసగా. మొదటిది కింది వైపుకు వాలిన రేకు. నత్త గోడ ఎక్కుతూ దాని కిందకు చేరి, పదునైన కోణం తిరగలేక ఆగిపోతుంది. రెండోది అంచులు కత్తిరించి పోగులు బయటికి తీసిన రాగి తీగ జాలీ, మెత్తని పాదం దాన్ని దాటలేదు. మూడోది దగ్గరదగ్గరగా లాగిన విద్యుత్ తీగలు. తడి ఒళ్లు రెండింటినీ కలిపితే షాక్ కొడుతుంది, నత్త పడిపోతుంది. కరెంటు సౌరఫలకం నుంచి, బ్యాటరీ నుంచి. మూడు ఎందుకంటే ఏదో ఒకటి ఎప్పుడూ పాడవుతూనే ఉంటుంది.

కట్టడం కన్నా లోపల శుభ్రం చేయడం కష్టం. గోడ మూసిన రోజు లోపల ఉన్న తోడేలు నత్తలు లోపలే ఉన్నాయి. మనుషులు వరసగా మోకాళ్ల మీద కూర్చుని, ఎండుటాకులు చేత్తో తిప్పి, రాళ్ల కింద, వేళ్ల సందుల్లో వెతుకుతారు. ఒక్కసారి వెతికి ఏమీ లేదని సంబరపడితే మోసపోయినట్టే. మట్టిలోని గుడ్లు 30, 40 రోజులకు పగులుతాయి, పిల్లలు గింజంత ఉంటాయి. అందుకని నెలల తరబడి మళ్లీ మళ్లీ వెతికి, వరసగా చాలాసార్లు ఒక్కటీ దొరకని తర్వాతే చెట్టునత్తలను తెచ్చి వదలాలి. తొందరపడి ముందే వదిలితే గోడ కట్టింది తోడేలు నత్తకు అన్నం పెట్టె తయారు చేయడానికే అవుతుంది.

ఆ తర్వాత మొదలయ్యేది ఎవరూ ఫొటో తీయని పని. గోడ చుట్టూ గడ్డి, తీగలు కొట్టేస్తూ ఉండాలి, ఒక్క తీగ గోడకు ఆనితే అది నిచ్చెన. పైన చెట్ల కొమ్మలు వంగకుండా నరకాలి. కోఓలౌ కొండల్లో గాలివాన మామూలే. కొమ్మ విరిగి గోడ మీద పడితే ఎలుకకు వంతెన, ఒక్క రాత్రి చాలు. మబ్బు పట్టిన వారాల్లో బ్యాటరీ పడిపోతుంది. ఆకు ఒకటి తడిసి తీగల మధ్య అతుక్కుంటే కరెంటు దాంట్లోంచే పోతుంది. జాలీ పోగుల్లో నాచు పడుతుంది. అందుకని గోడ మీద బరువు పడితే కబురు పంపే సెన్సర్లు పెట్టారు. సెన్సర్ మోగిన రోజు వాన కురుస్తున్నా, శెలవురోజైనా, ఎవరో ఒకరు రంపం భుజాన వేసుకుని బురదలో కొండ ఎక్కాలి.